ముప్పై ఒకటో నంబరు పెట్టె బరువు

నమోదు 1
జూన్ 9, ఉదయం. కొత్త ఆత్రేయపురం.
ఖాళీ పెట్టె బరువు: 6 కిలోలు.

ఈ పుస్తకం ఎన్నికల సంఘం వాళ్లిచ్చింది. సంచార పెట్టె వెంట వెళ్లే అధికారి జరిగింది జరిగినట్టు తన భాషలో రాసుకోవచ్చని పద్నాలుగో నిబంధన. రాజధానిలో యంత్రం దాన్ని తర్జుమా చేసుకుంటుందట. చేసుకోనీ. నా వెటకారం దానికెక్కడ అర్థమవుతుంది!

నా పేరు వరూధిని. వయసు యాభై మూడు. మామూలు రోజుల్లో రైసు మిల్లు మెకానిక్కుని, ఈ వారం మటుకు ముప్పై ఒకటో పోలింగు కేంద్రానికి సంచార అధికారిణిని. భుజానికి నీలం పట్టీ కూడా ఇచ్చారు. పొద్దున్నే అద్దంలో మూడుసార్లు చూసుకున్నాను, అబద్ధమెందుకు.

ఈ ఉత్తర సమాఖ్యలో జనం గవర్నర్లను ఎన్నుకుని ముప్పై నాలుగేళ్లయింది. సోవియట్ పోయిన కొత్తలో ఎన్నికలుండేవట. తరవాత తరవాత రాజధానిలోని నియామక యంత్రమే ఒక పేరు తేల్చి పంపించేది, ఆ పేరు గలాయన సూటు వేసుకుని దిగేవాడు. వరి సాగుకని మా తాతలు విడిచి వచ్చిన దేశంలో గవర్నరంటే రాజభవనంలో ఉండే పెద్దమనిషట. ఇక్కడ అలా కాదు. రోడ్డూ బడీ ఆసుపత్రీ అన్నీ ఆయన చేతిలోనివే. నాలుగేళ్ల కిందట అలా దిగినాయన మా తుమ్నా నది మీద తిరిగే ఆసుపత్రి పడవను పట్టుకుపోయి, తన అతిథుల షికార్లకు పెట్టుకున్నాడు. అప్పటినుంచి ఇక్కడ ఇద్దరు పిల్లలు మామూలు పడవలో, నది మధ్యలో పుట్టారు. మా అమ్మాయి హిమజకు ఇప్పుడు అయిదో నెల. అక్టోబరులో నది గడ్డకట్టే ముందు ఆసుపత్రి పడవ తిరిగి రావాలి. నాకు ఈ ఎన్నిక అంటే అదీ.

పోటీలో ఇద్దరు. ఒకరు ఆ షికార్లాయనే. రెండోవారు తమారా ఒసిపోవ్నా అని, దుప్పులకు వైద్యం చేసే డాక్టరు. అధికారిణిని కాబట్టి నేను ఎవరి వైపో రాయకూడదు. రాయడం లేదు.

రాజధాని వాళ్లు ఎన్నికైతే ఇచ్చారు గానీ మనసారా ఇవ్వలేదు. ఏ ఒక్క పెట్టెలో దొంగ ఓట్లు పడినట్టు తేలినా ప్రాంతం మొత్తం ఎన్నిక రద్దు, మళ్లీ యంత్రమే పేరు పంపుతుంది. అందుకని ప్రతి పెట్టెకూ అడుగున కాటా పెట్టారు. ఓటు కాగితం సరిగ్గా అయిదు గ్రాములు. ఎన్ని కాగితాలు పడ్డాయో బరువును బట్టి రాజధానికి తెలిసిపోతుంది. లెక్కింపు రోజు దాకా పెట్టె తెరవడానికి లేదు. ఓటరు చిన్న గుడారంలో పెట్టెతో ఒక్కరే మూడు నిమిషాలు ఉండాలి, ఎవరూ తొంగి చూడకూడదు. చలి తొడుగులున్న చేతులతో కూడా వేయగలిగేలా పెట్టె పైన సందు బొటనవేలంత మందాన పెట్టారు.

ముందు ఊళ్లో నడవలేని ముగ్గురి ఇళ్లకు తీసుకెళ్లాను. మా అమ్మ కనకరత్నం వాళ్లలో ఒకరు. ఎనభై ఆరేళ్లు, మోకాళ్లు సహకరించవు, నోరు బాగా సహకరిస్తుంది. "మూడు నిమిషాలు చాలవే, నాకు చేతులు వణుకుతాయి" అని పేచీ పెట్టింది. నిబంధన నిబంధనే అన్నాను. తల్లి అయినా సరే.

మూడు ఓట్లు, పదిహేను గ్రాములు ఉండాలి. కాటా నలభై ఎనిమిది చూపించింది. తేమ అయ్యుంటుంది.

నమోదు 2
జూన్ 10. మొదటి మకాం.
పెట్టె బరువు: 6 కిలోల 740 గ్రాములు.

ఈ కాలంలో ఇక్కడ సూర్యుడు అస్తమించడు. తెల్లారిందో పొద్దుపోయిందో ఆకలిని బట్టి తెలుసుకోవాలి. నాకు రోజంతా తెల్లారుతూనే ఉంటుంది.

పడవ నడిపేది సెరూక్. దుప్పులు కాసే నురాక్ జాతివాడు. మా బళ్లో చదువుకున్నాడు కాబట్టి తెలుగు నా కంటే తియ్యగా మాట్లాడతాడు. మిగతా నురాక్‌లతో మాట్లాడటానికి నా చెవిలో తర్జుమా పూస ఉంది. దానికి తెలుగు నేర్పింది మా ఊరి ముసలమ్మలు. అందుకని ఎవరు ఏ భాషలో మాట్లాడినా నా చెవిలో గోదావరి జిల్లా యాసే పడుతుంది.

మకాంలో ఇరవై ఇద్దరు ఓటర్లు. ఇద్దరు ముసలాళ్లకు తప్ప ఎవరికీ ఓటు ఎలా వేయాలో తెలియదు. చూపించాను. ఒకాయన గుడారంలోంచి బయటికొచ్చి భార్యను ఎత్తుకుని గిరగిరా తిప్పాడు. ఆవిడ "ఓటేసింది మీరు, నన్నెందుకండీ తిప్పడం!" అని అరిచింది. ఒకమ్మాయి నా నీలం పట్టీ ముట్టుకుని చూసింది.

మకాం చేరగానే ఓ డబ్బా పూతరేకులు ఇచ్చాను. మా బియ్యంతో మా అమ్మ పోసినవి. బయల్దేరేటప్పుడు డబ్బా తిరిగి వచ్చింది, నిండా ఎండు చేపలతో. ఇచ్చిన గిన్నెను ఖాళీగా తిరిగి పంపడం వీళ్లకూ తప్పేనట. మా అమ్మకు చెప్తే సంబరపడుతుంది. ఆవిడ పక్కింటి గరిటె కూడా ఖాళీగా పంపదు.

ఇక అసలు సంగతి. ఇప్పటికి ఇరవై అయిదు ఓట్లు. నూట ఇరవై అయిదు గ్రాములు ఉండాల్సింది, ఏడువందల నలభై ఉంది. కాటా చెడిపోయిందని నా రెంచి దాని మీద పెట్టి చూశాను. రెంచి నాలుగువందల గ్రాములు. పెట్టె కూడా సరిగ్గా నాలుగువందలే ఎక్కువ చూపించింది.

కాటాలో తప్పు లేదు.

నమోదు 3
జూన్ 11. రెండో మకాం.
పెట్టె బరువు: 7 కిలోల 610 గ్రాములు.

ఇరవై ఏడు మంది ఓటేశారు. మొత్తం యాభై రెండు. అంటే రెండువందల అరవై గ్రాములు. లోపల ఉన్నది మాత్రం కిలో ఆరువందల పది గ్రాములు. రాజధాని లెక్కలో మూడువందల ఇరవై రెండు ఓట్లు.

మధ్యాహ్నం చేతి యంత్రానికి కబురు వచ్చింది. "పెట్టె 31లో అదనపు కాగితాలు ఉన్నట్టు అనుమానం. విచారణాధికారి బయల్దేరారు. పని ఆపవద్దు."

పెట్టె దగ్గర ఉండేది ఇద్దరమే, నేనూ సెరూకూ. నేను కాదు. అయితే ఎవరు? ఆ మాట బుర్రలో పడ్డాక ఆగలేదు. ఒడ్డున తాడు కడుతున్నవాడి దగ్గరికి వెళ్లి అడిగేశాను.

"సెరూక్, నిజం చెప్పు. నేను పడుకున్నప్పుడు పెట్టెలో ఏమైనా వేశావా?"

వాడు తాడు వదిలేశాడు.

"నేనా అక్కగారూ? మా చెల్లెలు నది మధ్యలో కన్నాదండి. పడవ నడిపింది నేనేనండి. బిడ్డ ఏడిసేదాకా నేను ఏడిసేనండి. ఈ ఎన్నిక పాడైపోతే నాకేటండి ఒరిగేది?"

అంతే అన్నాడు. తాడు మళ్లీ అందుకున్నాడు. నాకు సిగ్గేసింది. వాడి మొహం చూడలేక మకాం వాళ్లు పెట్టిన చేపల పులుసు రెండు గిన్నెలు తాగేశాను. సిగ్గుకు ఆకలి ఎక్కువ అని ఇవాళే తెలిసింది.

పులుసు గిన్నె కడిగి ఇచ్చేయబోతుంటే సెరూక్ దాన్ని నా చేతిలోంచి తీసుకున్నాడు. మన సంచీలోంచి నాలుగు ఎండుమిరపకాయలు తీసి అందులో వేసి, అప్పుడు ఇంటావిడకు అందించాడు.

"కోపమున్నా ఖాళీ గిన్నె ఎలా ఇత్తామండి" అన్నాడు, నదిని చూస్తూ.

నేను గిన్నెను చూశాను. మిరపకాయలను చూశాను. ఆ తరవాత గుడారం ముందున్న పెట్టెను చూశాను.

"సెరూక్, మీవాళ్ల దృష్టిలో అది ఏమిటి?"

"ఏది, పెట్టాండి? అంత దూరం నుంచి మన ఇంటికొచ్చి, తిరిగెళ్లిపోయేదండి."

ఇద్దరం ఒకరి మొహం ఒకరు చూసుకున్నాం. వాడి నోరు మెల్లగా తెరుచుకుంది. "అమ్మ బాబోయ్" అన్నాడు. నేను రాయి మీద కూలబడ్డాను. కడుపు పట్టుకుని నవ్వాం. నవ్వు మధ్యలోనే వాడి చెయ్యి పట్టుకుని తప్పయిపోయిందన్నాను. "ఊరుకోండి అక్కగారూ, మా ఆవిడైతే కొట్టేది" అన్నాడు.

రెంచి పెట్టి కాటా పరీక్ష చేసిన దాన్ని, చేపల డబ్బా ఒళ్లో పెట్టుకుని కూడా ఇది కనిపెట్టలేకపోయాను. నేనూ ఓ మెకానిక్కునే!

నమోదు 4
జూన్ 12. మూడో మకాం.
పెట్టె బరువు: 8 కిలోల 900 గ్రాములు.

నవ్వు అయిపోయాక భయం మిగిలింది. విచారణాధికారి పెట్టె తెరిచేవరకూ రాజధానికి తెలిసింది బరువొక్కటే. ఇంక ఒక్క గ్రాము కూడా పెరగకూడదనుకున్నాను.

ఈ మకాం పెద్ద ఊలెన్ అనే ముసలావిడ. వయసు ఎవరికీ తెలియదు, అడిగే ధైర్యం కూడా ఎవరికీ లేదు. ముప్పై ఒక్కమందినీ కూర్చోబెట్టి, పట్టీ సర్దుకుని చెప్పాను. "కాగితం తప్ప పెట్టెలో ఇంకేమీ వేయకూడదు."

ఊలెన్ చుట్ట ఆర్పింది. నా చెవిలో పూస పలికింది.

"అమ్మాయ్, మొన్న రెండు మకాంల వాళ్లూ పెట్టి పంపేరా లేదా?"

అబద్ధం చెప్పలేకపోయాను. "పంపారండి."

"మరి మావొక్కళ్లవే ఒట్టి పెట్టె పంపాలా? రేపు అక్కడ మూత తీత్తే, ఇది ఊలెన్ ఇంటి మీంచి వచ్చిందంట, ఓ చేప ముక్కకి కూడా గతి లేదంట అనుకోరూ? అలాగైతే మాకు ఓటూ వద్దు, ఏటీ వద్దు. పెట్టె పట్టుకెళ్లిపో."

ముప్పై ఒక్కమందీ లేచి నిలబడ్డారు. వాళ్లకది మర్యాదకు సంబంధించిన విషయం. నాకేమో మొత్తం ఎన్నిక. సెరూక్ నా వైపు చూశాడు, నేను నిబంధనల పుస్తకం వైపు చూశాను. మొదటి పేజీ నుంచి చివరి పేజీ దాకా, అక్కడే నిలబడి, వాళ్లందరూ చూస్తుండగా చదివాను. ఒక మనిషి ఒకటి కంటే ఎక్కువ ఓట్లు వేయకూడదని ఉంది. ఇతరుల ఓటు వేయకూడదని ఉంది. పెట్టె మీద కూర్చోకూడదని కూడా ఉంది. ఎండు చేప గురించి ఎక్కడా లేదు.

రాసినవాళ్లకు తట్టలేదు, అంతే. తట్టనిది నేనెందుకు కనిపెట్టి అడ్డం పెట్టాలి? ముప్పై నాలుగేళ్లకు ఒకసారి వచ్చిన ఓటును వీళ్ల చేతుల్లోంచి నేను లాక్కుంటే, ఆ షికార్లాయనకూ నాకూ తేడా ఏముంటుంది? పుస్తకం మూసేశాను.

"మీ ఇష్టం అమ్మా. సందులో పట్టేవే వేయండి."

ఊలెన్ మొట్టమొదట లోపలికి వెళ్లింది. మూడు నిమిషాలూ పూర్తిగా వాడుకుంది. ఎనభై మూడు ఓట్లు, నాలుగువందల పదిహేను గ్రాములు. లోపల ఉన్నది రెండు కిలోల తొమ్మిదివందలు. ఆవిడ ఏం వేసిందో గానీ పెట్టె ఎత్తితే గలగలమంది.

నమోదు 5
జూన్ 14. కొత్త ఆత్రేయపురం, బడి హాలు.

విచారణాధికారి పేరు గెన్నాది పావ్లోవిచ్. నిలువెత్తు మనిషి, ఇస్త్రీ చెడని కోటు. మొహం మీద నవ్వు వచ్చి చాలా కాలమైనట్టుంది. నా చెవిలో మాత్రం ఆయన కూడా కోనసీమ వాడే.

"చూడండమ్మగారూ, బరువును బట్టి ఇందులో అయిదువందల ఎనభై ఓట్లున్నాయండి. జాబితాలో సంతకాలు ఎనభై మూడండి. ఇది నిజమని తేలితే ఈ ప్రాంతం ఎన్నిక ఇక్కడితో సరండి. తమరి సంగతి కోర్టు చూసుకుంటుందండి."

ఊరంతా హాల్లోనే ఉంది. నురాక్‌లు మూడు మకాంల నుంచీ వచ్చి గోడ వెంట నిలబడ్డారు. ముందు వరసలో హిమజ, పొట్ట మీద చేతులు పెట్టుకుని. దాన్ని చూడకుండా ఉండటానికి పైకప్పు చూశాను. ముద్ర పగలగొట్టి పెట్టెను బల్ల మీద బోర్లించారు.

ముందు వాసన వచ్చింది. తరవాత చేపలు జారాయి, గాజు రేకుల్లా పల్చగా కోసి ఎండబెట్టినవి. తరవాత బాతు ఈకలు, పూసలు కుట్టిన తోలు పట్టీలు, కొమ్ముతో చెక్కిన దువ్వెన, మన మామిడి తాండ్రలాగే ఎండబెట్టిన బంగారు రంగు పళ్ల తాండ్ర. గలగలమన్నది ఊలెన్ వేసిన దుప్పి గంటలు. వాటన్నిటి మధ్యలో, తెల్లగా, నలిగిపోయి, పంచదార రాలుతూ ఒక పూతరేకు.

నేను మెల్లగా వెనక్కి తిరిగాను. మా అమ్మ చక్రాల కుర్చీలో కూర్చుని ఎదర గోడనున్న పటాన్ని ఎంతో శ్రద్ధగా చూస్తోంది.

"అమ్మా!"

"ఏటే? ఇంటికొచ్చిన పెట్టిని ఒట్టిగా ఎలా పంపుతాం? నీ పరువే పోద్దని వేసేను."

నేను మూడు రోజులుగా నురాక్‌ల గురించి తల బద్దలు కొట్టుకున్నాను. మొదలుపెట్టింది మా ఇల్లే.

గెన్నాది గారు కోటు విప్పి, చొక్కా చేతులు పైకి మడిచి, ఓటు కాగితాలు ఒక్కొక్కటే ఏరారు. తాండ్రకు అతుక్కుపోయిన రెండింటిని ఆవిరి పట్టి విడదీశారు. ఒకదాని మీద పేరు పక్కన దుప్పి బొమ్మ ఉంది. గుర్తు స్పష్టంగా ఉంది కాబట్టి చెల్లుతుందన్నారు. ఎనభై ఒకటి. ఎనభై రెండు. ఎనభై మూడు. అడుగున చెయ్యిపెట్టి వెతికారు. ఇంకేమీ లేదు.

"ఎనభై మూడేనండి" అన్నారు.

హిమజ ఏడ్చేసింది. నేను కూడా, దాచడమెందుకు. సెరూక్ ఎవరినో వాటేసుకున్నాడు, ఆ ఎవరో మిల్లు యజమాని. ఆయన కూడా తిరిగి వాటేసుకున్నాడు.

కానీ గెన్నాది గారి కలం కాగితం మీద ఆగిపోయింది. నివేదికలో ఒక గడి ఉంది: పెట్టెలో దొరికిన అక్రమ వస్తువులు. అక్రమమని రాస్తే మళ్లీ రాజధానికి ఎన్నిక రద్దు చేసే సాకు దొరుకుతుంది. ఆయన చేప వైపు చూశారు, దువ్వెన వైపు చూశారు. మా అమ్మనే అడిగారు.

"ఇవన్నీ ఎవరికండి?"

"గెలిచినోళ్లకి బాబూ. అంత పెద్ద పని నెత్తినేసుకుంటారా, తినడానికి ఏవన్నా ఉండాలి కదా."

"మీరు ఓటెయ్యనోళ్లు గెలిస్తేనండి?"

"వాళ్లకే. తిండి దగ్గర అదేం మాటయ్యా?"

గెన్నాది గారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. తన చిన్నప్పుడు నానమ్మ పక్కింటివాళ్ల జాడీని తిరిగిచ్చేటప్పుడు అందులో ఏదో ఒకటి వేసి పంపేదని, ఏమీ లేనప్పుడు ఉల్లిపాయ వేసేదని చెప్పారు. చెప్తూ చెప్తూ పూతరేకు అంచు విరిచి నోట్లో వేసుకున్నారు. రెండో ముక్క కూడా. అది సాక్ష్యమండీ అని నేను గుర్తుచేసేలోపు సాక్ష్యం అయిపోయింది.

ఆ గడిలో "అక్రమ" అన్న మాటను కొట్టేసి, పైన ఆయన రాసింది నేను కళ్లారా చూశాను: "గెలిచిన అభ్యర్థికి చేరవలసినవి." సంతకం పెట్టి, వస్తువులన్నిటినీ మళ్లీ పెట్టెలోనే సర్ది, పెట్టెను తనతో తీసుకువెళ్లారు. వెళ్లేటప్పుడు ఆయన బ్యాగు కాస్త బరువుగా కనిపించింది. మా అమ్మ ఆయన తెచ్చుకున్న ఖాళీ టిఫిను డబ్బాను చూసి ఊరుకునే మనిషి కాదు.

నమోదు 6
జూన్ 16.

తమారా ఒసిపోవ్నా గెలిచింది. ఎన్నిక నిలబడింది. ఇప్పుడు రాయవచ్చు కాబట్టి రాస్తున్నాను: నేను మొదటినుంచీ ఆవిడ వైపే. మిల్లు ఆపేసి మరీ స్వీట్లు పంచాను. ఊలెన్ మకాం నుంచి కబురు వచ్చింది. "గంటలు అందేయా?" అని.

నమోదు 7
ఆగస్టు 20.

ఎన్నిక అయ్యాక పుస్తకం అప్పగించేయాలి. కానీ పెట్టె తిరిగి కేంద్రానికి చేరినప్పుడు దాని బరువు నమోదు చేయాలని ఇరవై రెండో నిబంధన. అందుకే దాచుకున్నాను.

ఇవాళ గవర్నరే స్వయంగా వచ్చింది. బూట్ల నిండా బురద, చంకలో మా ముప్పై ఒకటో నంబరు పెట్టె. దాని మీద ఆ సందు అలాగే ఉంది. సూటు లేదు. మెడలో ఊలెన్ గంట ఒకటి తాడుకు కట్టి వేసుకుంది. తిన్నగా మా అమ్మ దగ్గరికి వెళ్లి పెట్టెను ఒళ్లో పెట్టింది.

"చేపలు బావున్నాయండి. తాండ్ర ఇంకా బావుందండి. పూతరేకులు మాత్రం నాదాకా రాలేదండి, దారిలోనే ఎవరో తినేశారంట."

"అది నాకు తెలుసులే. పోనీ, ఇంకో పెట్టె నిండా పోస్తాను. కూర్చో" అంది అమ్మ.

"ఆ పెట్టె ఓసారి కదిపి చూడండి."

అమ్మ కదిపింది. లోపల ఏదో చిన్నగా ఠంగుమంది. నేను మూత తీశాను. అడుగున పల్చటి తాళంచెవి పలక ఒకటి, ఓటు వేసే సందులో పట్టేంత పల్చనిది. దాని మీద ఎర్రటి ప్లస్ గుర్తు. నది వైపు చూశాను. రేవులో మా ఆసుపత్రి పడవ, షికార్లకని కట్టిన రంగుల జెండాలన్నీ పీకేసి ఉన్నాయి. తెల్లటి ఒంటి మీద అదే ఎర్ర గుర్తు, ఇంకా రంగు ఆరలేదు. సెరూక్ అప్పటికే నీళ్లలోకి దిగి దాన్ని చేతులతో తడుముతున్నాడు.

హిమజ నా భుజం మీద తల పెట్టి ఏడుస్తూ నవ్వింది. "ఒట్టి పెట్టి తేలేదు, నా తల్లే" అని అమ్మ గవర్నరు బుగ్గలు నిమిరింది.

నిబంధన ప్రకారం పెట్టె అడుగునున్న కాటా చూశాను. ఖాళీ పెట్టె ఆరు కిలోలు ఉండాలి. తాళంచెవితో కలిపి ఆరు కిలోల నలభై గ్రాములు ఉంది. తేడా ఉందని రాజధానికి హెచ్చరిక వెళ్లింది.

వెళ్లనీ.